పగ్గాలు యంత్రం నుంచి మనిషికి: స్వయంచాలిత వాహనాలు, కమాండ్ కేంద్రాలపై మానవ కారకాల ప్రయోగాన్ని రూపొందించే పద్ధతి

స్వయంచాలిత వాహనాల మీద పరిశోధన మొదలుపెట్టే విద్యార్థుల ప్రతిపాదనల్లో తరచుగా కనిపించే ప్రశ్న ఒకటే: హెచ్చరిక మోగిన తరువాత డ్రైవరు ఎన్ని సెకన్లలో స్టీరింగు అందుకుంటాడు? కొలవడానికి ఇది చాలా సులువైన ప్రశ్న. సిమ్యులేటరు ఉంటే అంకెలు త్వరగానే చేతికి వస్తాయి. అయితే ఆ అంకె ఒక్కటే చెప్పగలిగింది చాలా తక్కువ. హెచ్చరిక రాకముందు ఆ మనిషి ఏ స్థితిలో ఉన్నాడు, స్టీరింగు అందుకున్న తరువాత అతడు చేసిన పని ఎంత సరైనది అన్న రెండు విషయాలూ తెలియకపోతే, మధ్యలో గడిచిన ఆ రెండు మూడు సెకన్లకు అర్థం చెప్పలేము. ఆ రెండు వైపులనూ ప్రయోగంలోకి తీసుకురావడం ఎలాగో ఈ వ్యాసం వివరిస్తుంది. ఇక్కడ వాహనాల గురించే ఎక్కువగా చెప్పినా, పోలీసు కమాండ్ కంట్రోల్ గదుల్లోనూ రాడార్ గదుల్లోనూ తెరల ముందు కూర్చునే ఆపరేటర్ల పరిశోధనకు కూడా ఇదే పద్ధతి కొద్దిపాటి మార్పులతో సరిపోతుంది. ఆ మార్పులను చివరి భాగంలో చెబుతాను.

మనిషి పాత్రను ముందుగా తేల్చుకోండి

ఎస్‌ఏఈ అనే ఇంజనీర్ల సంస్థ 2014లో మొదటిసారి ప్రచురించిన జే3016 ప్రమాణం వాహనాల స్వయంచాలనను సున్నా నుంచి ఐదు వరకు ఆరు స్థాయిలుగా విభజించింది. మానవ కారకాల (అంటే యంత్రంతో పనిచేసే మనిషి సామర్థ్యాలు, పరిమితుల) పరిశోధకుడికి ఇందులో అసలైన సరిహద్దు రెండవ, మూడవ స్థాయిల మధ్య ఉంది. రెండవ స్థాయిలో స్టీరింగునూ వేగాన్నీ వాహనమే చూసుకున్నా, రోడ్డు మీద కన్ను వేసి ఉంచే బాధ్యత డ్రైవరుదే. మూడవ స్థాయిలో డ్రైవరు వేరే పని చేసుకోవచ్చు, కాని వాహనం పిలిచినప్పుడు తిరిగి బాధ్యత తీసుకోవాలి. కాబట్టి రెండవ స్థాయి మీద ప్రయోగం చేసేవారు, వాహనం ఏ హెచ్చరికా ఇవ్వకుండా తప్పు చేసినప్పుడు డ్రైవరు దానిని కనిపెట్టాడా లేదా అని పరీక్షించాలి. మూడవ స్థాయి మీద చేసేవారు పిలుపు వచ్చిన తరువాత అతడు ఎలా స్పందించాడో పరీక్షించాలి. ఈ రెండింటినీ కలిపేసి, రెండవ స్థాయి వాహనానికి చక్కని బీప్ శబ్దం తగిలించి చేసిన ప్రయోగం ఏ స్థాయికీ పనికిరాదు.

పిలుపుకూ ప్రమాదానికీ మధ్య ఇవ్వదలచిన వ్యవధికి కూడా ఆధారం చూపించాలి. లేన్‌లో వాహనాన్ని స్వయంగా నడిపే వ్యవస్థల కోసం ఐక్యరాజ్యసమితి వేదిక మీద 2020లో ఆమోదం పొందిన 157వ నిబంధన మొదట గంటకు 60 కిలోమీటర్ల వేగానికే అనుమతినిచ్చింది. 2022 సవరణతో ఆ పరిమితి 130 కిలోమీటర్లకు పెరిగింది. ఆ నిబంధన ప్రకారం డ్రైవరును పిలిచిన తరువాత సాధారణంగా కనీసం 10 సెకన్లు వేచి చూసి, అప్పటికీ స్పందన లేకపోతేనే వాహనం తనంతట తాను ఆగిపోయే ప్రక్రియను మొదలుపెట్టాలి. మీ ప్రయోగంలో 5 సెకన్లే ఇస్తున్నారంటే, అది ముందుగా ఊహించలేని ఆకస్మిక పరిస్థితి అని మీరు వాదించగలగాలి. ఎవరో వాడిన అంకె కాబట్టి మీరూ వాడుతున్నామంటే అది సమాధానం కాదు.

ఒక ప్రమాద నివేదికను సెకన్ల వారీగా చదవండి

పరిశోధన ప్రశ్న కోసం వంద పత్రాల సారాంశాలు తిరగేయడం కంటే, ఒక్క దర్యాప్తు నివేదికను మొదటి నుంచి చివరి దాకా చదవడం మేలని నా అభిప్రాయం. 2018 మార్చి 18 రాత్రి అమెరికాలోని ఆరిజోనా రాష్ట్రం టెంపీ నగరంలో, ఉబర్ సంస్థ పరీక్షిస్తున్న వోల్వో కారు ఒకటి, సైకిలును నడిపించుకుంటూ రోడ్డు దాటుతున్న మహిళను ఢీకొనడంతో ఆమె మరణించింది. అక్కడి నేషనల్ ట్రాన్స్‌పోర్టేషన్ సేఫ్టీ బోర్డు 2019 నవంబరులో వెల్లడించిన నిర్ధారణల ప్రకారం, ఢీకొనడానికి 5.6 సెకన్ల ముందే ఆ వ్యవస్థ ఆమెను పసిగట్టింది. కాని ఆమెను వాహనమనీ, ఏదో వస్తువనీ, సైకిలనీ మార్చి మార్చి వర్గీకరించింది; వర్గం మారిన ప్రతిసారీ అంతవరకు నమోదైన కదలికల చరిత్రను పక్కన పెట్టేసింది. అత్యవసర పరిస్థితి అని గుర్తించిన తరువాత కూడా, అది నిజమో కాదో తేల్చుకోవడానికి ఒక సెకను పాటు బ్రేకు వేయకుండా ఆగేలా దానిని రూపొందించారు. డ్రైవరు సీటులో ఉన్న ఆపరేటరు చూపు ఆ ప్రయాణంలో పదేపదే ఫోను వైపు మళ్ళింది.

దర్యాప్తు ఆపరేటరు నిర్లక్ష్యం దగ్గరే ఆగిపోలేదు. యంత్రం మీద భరోసాతో ఆపరేటర్లలో ఏమరుపాటు పెరుగుతుందని తెలిసినా, దానిని అరికట్టే ఏర్పాటు సంస్థలో లేదని బోర్డు తప్పుపట్టింది. అంతకుముందు కారుకు ఇద్దరు ఆపరేటర్లు ఉండగా, ప్రమాదానికి కొన్ని నెలల ముందు ఒక్కరికే తగ్గించిన సంగతీ నివేదికలో ఉంది.

ఇప్పుడు ఒక కాగితం తీసుకుని ఆ చివరి ఆరు సెకన్లకు నిలువు గడులు గీయండి. మొదటి అడ్డు వరుసలో ఆ సెకనులో వాహనానికి తెలిసినది, రెండవ వరుసలో అది మనిషికి చూపించినది, మూడవ వరుసలో మనిషి చూపు ఉన్న చోటు రాయండి. మొదటి వరుస నిండుగా ఉంటుంది, రెండవ వరుస దాదాపు ఖాళీగా ఉంటుంది. వాహనం తన అనిశ్చితిని తెర మీద చూపించి ఉంటే డ్రైవరు చూపు రోడ్డు మీదికి ముందే వచ్చేదా అన్నది ఆ ఖాళీ గడుల్లోంచి పుట్టే ప్రశ్న. దానిని సిమ్యులేటరులో పరీక్షించవచ్చు. ఇదే పట్టికను ఏ ప్రమాదానికైనా గీయవచ్చు. ఖాళీ గడి ఎక్కడుందో చూపించగలిగితే, మీ గైడ్‌ను ఒప్పించడానికి వేరే పీఠిక అక్కర్లేదు.

విసుగును ప్రయోగంలోకి తీసుకురండి

ప్రయోగశాలలో జరిగే పొరపాట్లలో పెద్దది, పాల్గొనేవారిని కూర్చోబెట్టిన ఐదు నిమిషాలకే అలారం మోగించడం. కొత్త సిమ్యులేటరు, కొత్త మనుషులు, ముఖానికి ఎదురుగా కెమెరా ఉన్న ఆ సమయంలో వారు అసహజమైన అప్రమత్తతతో ఉంటారు. మీకు నమోదయ్యేది ఆ అప్రమత్తతే. పొలంలో మంచె మీద కాపలా కూర్చున్నవాడి పరీక్ష చీకటి పడగానే జరగదు, ఏ అలికిడీ లేని మూడవ జాములో జరుగుతుంది. స్వయంచాలన పరిశోధనలో ఆ మూడవ జామును మనం కావాలని సృష్టించాలి.

ఎంతసేపు అన్నదానికి పాత ఆధారమే గట్టిది. రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో జలాంతర్గాముల కోసం రాడార్ తెరలను చూస్తూ కూర్చునే బ్రిటిష్ వైమానిక దళ ఆపరేటర్లు, కొంతసేపటికి తెర మీద ఉన్న గుర్తులనే గమనించలేకపోతున్నారన్న సమస్యను కేంబ్రిడ్జిలో నార్మన్ మాక్‌వర్త్ పరిశోధించాడు. అతడు వాడిన గడియారంలో అంకెలు లేవు. ఒక ముల్లు సెకనుకు ఒక మెట్టు చొప్పున కదులుతూ, ఎప్పుడో ఒకసారి రెండు మెట్లు దూకేది. ఆ దూకుడును కనిపెట్టడమే పని, రెండు గంటల పాటు. మొదటి అరగంట గడిచేసరికే కనిపెట్టే సామర్థ్యం స్పష్టంగా పడిపోయిందని 1948లో ప్రచురించిన ఫలితాలు చూపించాయి. యంత్రాన్ని కనిపెట్టుకుని ఉండటం అనే పని మనిషి సరిగా చేయలేని పనుల్లో ఒకటనీ, స్వయంచాలన పెరిగే కొద్దీ సరిగ్గా ఆ పనినే మనిషికి మిగులుస్తున్నామనీ లిజాన్ బెయిన్‌బ్రిడ్జ్ 1983లో చేసిన విమర్శ నేటికీ చెల్లుతుంది.

కాబట్టి మొదటి సంఘటనకు ముందు కనీసం అరగంట, వీలైతే 40 నిమిషాలు ఏమీ జరగని ప్రయాణం ఉండాలి. ఒక్కొక్కరికి గంటన్నర పడుతుందని, రోజుకు నలుగురైదుగురి కంటే ఎక్కువ మందితో చేయలేమని విద్యార్థులు వెనకాడుతారు. అది నిజమే. అయినా, 5 నిమిషాల ప్రయాణంతో వందమందిని పరీక్షించడం కంటే 40 నిమిషాల ప్రయాణంతో యాభైమందిని పరీక్షించడమే ఉపయోగకరం.

ఆ 40 నిమిషాల్లో వారు ఏం చేస్తున్నారన్నది కూడా మీరే నిర్ణయించాలి. తెర మీద వృత్తాల మధ్య కొంచెం పెద్ద వృత్తాన్ని వెతికే పని, విన్న అంకెలను రెండు స్థానాలు వెనక్కి గుర్తుంచుకునే పని వంటి ప్రామాణికమైన పనులు అదుపులో ఉంటాయి, కాని ఎవరూ కారులో వాటిని చేయరు. సొంత ఫోను ఇస్తే సహజంగా ఉంటుంది, కాని ఒకరు సినిమా చూస్తారు, మరొకరు తల్లితో వాట్సాప్‌లో మాట్లాడతారు, ఇంకొకరు నిద్రపోతారు. మీ ప్రశ్న దృష్టి మళ్ళడం గురించి అయితే మొదటి రకం, ఏమరుపాటు గురించి అయితే రెండవ రకం ఎంచుకోండి. నిద్రపోయినవారిని లెక్కలోంచి తీసేయకండి. వారు మీ ప్రయోగం చూపించిన ఫలితం.

సన్నివేశాన్ని కాగితం మీద మీటర్లలో రాయండి

హైదరాబాదు ఔటర్ రింగు రోడ్డును నమూనాగా తీసుకుందాం. 158 కిలోమీటర్ల పొడవున ప్రవేశ నియంత్రణ ఉన్న ఎనిమిది లేన్ల రహదారి కాబట్టి మూడవ స్థాయి స్వయంచాలనకు సరిపోయే వాతావరణం. ఇక్కడి డ్రైవర్లకు పరిచయమైనది కూడా. గంటకు 100 కిలోమీటర్ల వేగంతో ఎడమ నుంచి రెండవ లేన్‌లో వాహనం తనంతట తాను వెళ్తోంది. అదే లేన్‌లో టైరు పేలి ఆగిపోయిన లారీ ఉంది. దాని వెనుక మన రోడ్ల మీద అలవాటైన పద్ధతిలో నాలుగు రాళ్ళు, ఒక చెట్టు కొమ్మ పెట్టి ఉన్నాయి. ఈ వేగంలో వాహనం సెకనుకు సుమారు 27.8 మీటర్లు పోతుంది. 7 సెకన్ల వ్యవధి ఇవ్వాలంటే లారీకి 195 మీటర్ల దూరంలో పిలుపు మోగాలి. 5 సెకన్లయితే 139 మీటర్లు. రాళ్ళు లారీకి 30 మీటర్ల వెనుక ఉంటే, అసలైన అడ్డంకి లారీ కాదు, రాళ్ళు. పిలుపు మోగిన చోటు నుంచి రాళ్ళను చేరడానికి 7 సెకన్లు కాదు, 6 సెకన్ల లోపే ఉంటుంది. ఈ లెక్క కాగితం మీద వేయనివారు తమ ప్రయోగంలో వ్యవధి ఎంతో తమకే తెలియకుండా పత్రం రాస్తారు.

కుడివైపు లేన్‌లో వెనుక నుంచి వచ్చే కారును కూడా ఇంత కచ్చితంగానే పెట్టాలి. పిలుపు తరువాత మూడవ సెకనులో అది పాల్గొనే వ్యక్తి పక్కకు వచ్చేలా పెడితే, అద్దం చూడకుండా కుడికి తిప్పినవాడు దానిని ఢీకొంటాడు. అద్దం చూసినవాడు బ్రేకు వేస్తాడు, లేదా ఖాళీగా ఉన్న ఎడమ లేన్‌లోకి వెళ్తాడు. నిర్ణయం నాణ్యత కనిపించాలంటే సన్నివేశంలో తప్పు నిర్ణయానికి చోటుండాలి. అన్ని లేన్లూ ఖాళీగా ఉన్న రోడ్డు మీద అందరూ మంచి డ్రైవర్లే.

మ్యూనిక్ సాంకేతిక విశ్వవిద్యాలయంలో క్రిస్టియన్ గోల్డ్, సహచరులు 2013లో 5 సెకన్ల, 7 సెకన్ల వ్యవధులను పోల్చి చూపించినది ఇక్కడ బాగా పనికివస్తుంది. తక్కువ వ్యవధి ఇచ్చినప్పుడు డ్రైవర్లు త్వరగా స్పందించారు, కాని వారి స్పందన నాణ్యత తగ్గింది. అంటే స్పందన సమయం తగ్గడాన్ని మెరుగుదలగా చూపించే పత్రం, నిజానికి ఒత్తిడి పెరగడాన్ని మెరుగుదలగా చూపిస్తూ ఉండవచ్చు.

సిమ్యులేటరులో దొరకనిది శరీరానికి తగిలే కుదుపు, నిజమైన భయం. వాటి కోసం మూసిన ట్రాక్ కావాలి. ఐఐటీ హైదరాబాదు కంది ప్రాంగణంలో స్వయంచాలిత వాహనాల కోసం 2022లో ప్రారంభమైన టిహాన్ పరీక్షా క్షేత్రం వంటి చోట్లు మన రాష్ట్రంలోనే ఉన్నాయి. అయితే సన్నివేశం సిమ్యులేటరులో గట్టిపడిన తరువాతే ట్రాక్ గురించి ఆలోచించాలి. అక్కడ లారీని ఢీకొనడానికి ఎవరినీ అనుమతించలేము కాబట్టి, చూడగలిగిన వైఫల్యాల శ్రేణి చిన్నదవుతుంది.

ఏం కొలవాలి

పిలుపు మోగినప్పటి నుంచి మూడు ఘట్టాలను వేరువేరుగా నమోదు చేయండి: చూపు రోడ్డు మీదికి రావడం, చేతులు స్టీరింగు మీదికి రావడం, ఉద్దేశపూర్వకమైన మొదటి చర్య. మూడవదానికి పరిశోధనల్లో ఎక్కువగా వాడే కొలమానం స్టీరింగు 2 డిగ్రీలు తిరగడం లేదా బ్రేకు పెడలు 10 శాతం నొక్కబడటం, రెండింటిలో ఏది ముందైతే అది. స్టీరింగు పట్టుకోవడం అలవాటుగా జరిగిపోయే పని; పట్టుకున్నంత మాత్రాన మనిషికి పరిస్థితి అర్థమైందని అనుకోకూడదు. చూపు రోడ్డు మీదికి వచ్చిన క్షణానికీ మొదటి చర్యకూ మధ్య ఉన్న అంతరం దానికంటే ఎక్కువ చెబుతుంది.

తరువాత నాణ్యత. లేన్ మారకముందు అద్దం చూశారా, అడ్డంకికి మిగిలిన అతి తక్కువ వ్యవధి ఎంత, పక్కకు కలిగిన త్వరణం గరిష్ఠంగా ఎంత, బ్రేకు అవసరానికి మించి వేశారా అన్నవి కనీసం ఉండాలి. వీటితో పాటు చాలామంది వదిలేసే కొలత ఒకటుంది. లీడ్స్ విశ్వవిద్యాలయంలో నటాషా మెరాట్ బృందం 2014లో ప్రచురించిన సిమ్యులేటరు ప్రయోగంలో, డ్రైవరు తిరిగి బాధ్యత తీసుకున్న తరువాత లేన్‌లో వాహనం స్థిరపడటానికి 35 నుంచి 40 సెకన్ల వరకు పట్టింది. కాబట్టి అడ్డంకి దాటగానే సన్నివేశాన్ని ఆపేయకండి. కనీసం ఒక నిమిషం మామూలుగా నడపనివ్వండి, ఆ నిమిషంలో వాహనం లేన్ మధ్య నుంచి ఎంతెంత పక్కకు జరుగుతోందో చూడండి.

చూపును నమోదు చేసే పరికరంతో వచ్చే చిక్కులు చిన్నవిగా కనిపించి డేటాను పాడుచేస్తాయి. దట్టమైన కాటుక, కళ్ళద్దాల మీద ప్రతిఫలించే దీపాలు, సగం వాలిన కనురెప్పలు కంటిపాపను గుర్తించడాన్ని దెబ్బతీస్తాయి. కాటుక లేకుండా రమ్మని ముందే కబురు పంపండి, గది దీపాలను పైలట్ దశలోనే సరిచేసుకోండి, ప్రయోగం మధ్యలో ఒకసారి క్యాలిబ్రేషన్‌ను సరిచూడండి.

మొదటి సంఘటన విలువ

ఒక మనిషికి తెలియకుండా అలారం ఒక్కసారే మోగించగలం. రెండవసారి నుంచి అతడు దాని కోసం ఎదురుచూస్తూ ఉంటాడు, స్పందన వేగం పెరుగుతుంది. అందుకే రెండు రకాల హెచ్చరికలను పోల్చాలనుకుంటే, మొదటి సంఘటనకు సంబంధించినంతవరకు వేరువేరు మనుషుల గుంపులే కావాలి. అందరికీ రెండూ చూపించి వరుస మార్చాను కదా అంటే సరిపోదు. ఇక్కడే పాల్గొనేవారి సంఖ్య పెరుగుతుంది. రెండు స్వతంత్ర గుంపుల మధ్య పెద్ద తేడాను, అంటే ప్రామాణిక విచలనంలో (మనుషుల మధ్య సహజంగా ఉండే హెచ్చుతగ్గుల కొలతలో) 0.8 వంతు తేడాను, 80 శాతం శక్తితో (తేడా నిజంగా ఉంటే నూటికి 80 సార్లు కనబడేలా) పట్టుకోవాలంటే గుంపుకు 26 మంది కావాలి. తేడా 0.5 వంతే అయితే 64 మంది. హాస్టల్ మిత్రులు పన్నెండు మందితో చేసిన ప్రయోగంలో తేడా కనబడలేదంటే తేడా లేదని కాదు. అంతేకాక, హాస్టల్ మిత్రులందరూ పాతికేళ్ళ లోపు మగపిల్లలైతే, క్యాబ్ డ్రైవర్ల గురించి గాని అరవై దాటినవారి గురించి గాని ఆ ఫలితం ఏమీ చెప్పదు.

పాల్గొనేవారికి చెప్పే మాటలను అక్షరం మారకుండా ముందే రాసుకోండి. ‘వాహనం ఏ క్షణమైనా మిమ్మల్ని పిలవవచ్చు, సిద్ధంగా ఉండండి’ అన్న ఒక్క వాక్యం 40 నిమిషాల శ్రమను వృథా చేస్తుంది. ‘ఈ వ్యవస్థ చాలా నమ్మకమైనది’ అన్న వాక్యం మరో వైపుకు లాగుతుంది. వాహనం తయారీదారు కొనుగోలుదారుకు ఎంత సమాచారం చెబుతాడో అంతే సమాచారం ఇవ్వడం సబబు. సమాచారం దాచిన చోట, ప్రయోగం ముగిశాక అంతా విడమరచి చెప్పి, డేటా వాడవద్దనే హక్కు వారికి ఇవ్వాలి.

నమ్మకాన్ని ప్రశ్నావళితో కొలవడం మామూలే గాని, మనుషులు నమ్ముతున్నామని చెప్పేదానికీ చేసేదానికీ తేడా ఉంటుంది. ఒకరు నాకు పూర్తి నమ్మకముందని రాసి ప్రతి పది సెకన్లకూ రోడ్డు చూస్తారు. మరొకరు అనుమానమే అని రాసి అరగంట పాటు తలెత్తరు. ప్రశ్నావళిని వాడండి, కాని దాని పక్కనే చూపుల లెక్కను పెట్టండి. రెండూ పొసగని చోటే మీ పత్రంలో చర్చించదగిన భాగం.

మానసిక భారానికి శాండ్రా హార్ట్, లోవెల్ స్టేవ్‌ల్యాండ్ 1988లో ప్రచురించిన నాసా టీఎల్ఎక్స్ అనే ప్రశ్నాపత్రం ఇప్పటికీ ప్రామాణికం. అందులోని ఆరు కొలతల్లో ఐదు తక్కువ నుంచి ఎక్కువకు పోతాయి, పనితనం గురించిన ఒక్కటి మాత్రం బాగా చేశాను నుంచి విఫలమయ్యాను వైపుకు పోతుంది. తెలుగులో ఇచ్చినా ఇంగ్లీషులో ఇచ్చినా చాలామంది దానిని తలకిందులుగా గుర్తిస్తారు. నింపుతున్నప్పుడే పక్కన నిలబడి ఆ ఒక్క గీతను వివరించండి.

కమాండ్ గదిలో ఇదే ప్రయోగం

ఆధునిక కమాండ్ గదికి వాహనాల స్థాయిలు సరిపోవు. అక్కడ రాజా పరశురామన్, థామస్ షెరిడన్, క్రిస్టఫర్ వికెన్స్ 2000లో ప్రతిపాదించిన విభజన మేలు: సమాచారం సేకరించడం, విశ్లేషించడం, నిర్ణయం ఎంచుకోవడం, అమలు చేయడం అనే నాలుగు దశల్లో ఏ దశను యంత్రానికి ఎంతవరకు అప్పగించారో విడివిడిగా రాసుకోవాలి. 2003 ఇరాక్ యుద్ధంలో అమెరికా దళాల పేట్రియాట్ క్షిపణి వ్యవస్థ పొరపాటున తమ పక్షం విమానాలనే, మార్చి 23న బ్రిటిష్ టొర్నాడో విమానాన్ని, ఏప్రిల్ 2న అమెరికా నౌకాదళ విమానాన్ని కూల్చివేసిన ఉదంతాలను ఈ చట్రంలో చూస్తే, విశ్లేషణ దశ దాదాపు పూర్తిగా యంత్రానిదైనప్పుడు నిర్ణయ దశలో మనిషిని ఉంచడం పేరుకే మిగలవచ్చని తెలుస్తుంది.

పరిస్థితి మీద అవగాహనను కొలవడానికి మైకా ఎండ్స్‌లీ రూపొందించిన పద్ధతిలో, సిమ్యులేషన్‌ను అనుకోని క్షణాల్లో ఆపి, తెరలన్నీ ఖాళీ చేసి, ఆపరేటరును ప్రశ్నలు అడుగుతారు. ప్రశ్నలు మూడు స్థాయిల్లో ఉండాలి: ఏముంది, దాని అర్థం ఏమిటి, కాసేపట్లో ఏమవుతుంది. ప్రశ్న ఎలా రాయాలో 1988 జూలై 3న జరిగిన ఘోరం చెబుతుంది. ఆ రోజు పర్షియన్ గల్ఫ్‌లో అమెరికా యుద్ధనౌక విన్సెన్స్, ఇరాన్ ఎయిర్ 655 ప్రయాణికుల విమానాన్ని కూల్చివేయడంతో 290 మంది మరణించారు. విమానం పైకి లేస్తుండగా, అది తమ వైపు కిందికి దిగుతోందని నౌకలోని కొందరు నమ్మారు. నౌకలోని రాడార్, ఆయుధాలను నడిపే ఏజిస్ వ్యవస్థ నమోదు చేసిన ఎత్తు సరైనదే. కాని తెర మీద ఎత్తు అంకెగా కనబడేది. అది పెరుగుతోందో తరుగుతోందో తెలియాలంటే ఒక అంకెను గుర్తుంచుకుని తరువాతి అంకెతో పోల్చుకోవాలి. అందుచేత ‘విమానం ఎత్తు ఎంత?’ అని అడిగే ప్రయోగంలో ఆ సిబ్బంది సరైన సమాధానమే చెప్పి ఉండేవారేమో, ‘లేస్తోందా, దిగుతోందా?’ అన్న ప్రశ్నే లోపాన్ని బయటపెడుతుంది. మీ ప్రశ్నలను తెర మీద ఉన్న గడుల నుంచి రాయకండి, ఆపరేటరు తీసుకోవలసిన నిర్ణయం నుంచి వెనక్కి నడుచుకుంటూ రాయండి.

నిజమైన గదిలో తెరలు ఆపడం కుదరదు. హైదరాబాదు బంజారాహిల్స్‌లో 2022లో ప్రారంభమైన తెలంగాణ పోలీసుల సమీకృత కమాండ్ కంట్రోల్ సెంటరు వంటి చోట పని సాగుతూనే ఉండాలి. అక్కడ వాడదగినది మరో పద్ధతి: ప్రశ్న ఉందని సంకేతం ఇచ్చి, ఆపరేటరు సరే అన్నాక అడిగి, జవాబు రావడానికి పట్టిన సమయాన్ని కొలవడం. సరే అనడానికి పట్టిన సమయం పనిభారాన్ని చెబుతుంది, జవాబుకు పట్టిన సమయం అవగాహనను చెబుతుంది.

కమాండ్ గది ప్రయోగంలో అలారాల నిష్పత్తిని సహజంగా ఉంచడం చాలా కష్టం, చాలా ముఖ్యం. ఒక కెమెరా విశ్లేషణ వ్యవస్థ నిజమైన సంఘటనల్లో 99 శాతం పట్టుకుంటుందనీ, మామూలు దృశ్యాల్లో 1 శాతానికి మాత్రమే పొరపాటున మోగుతుందనీ అనుకుందాం. పదివేల దృశ్యాల్లో నిజమైన సంఘటన ఒక్కటే ఉంటే, దానితో పాటు సుమారు వంద వృథా అలారాలు మోగుతాయి. అంటే 99 శాతం అని ప్రచారమయ్యే వ్యవస్థ అలారాల్లో నూటికి ఒక్కటే నిజం. అలాంటి గదిలో ఆపరేటరు అలారాన్ని పట్టించుకోకపోవడం సోమరితనం కాదు, అనుభవం నేర్పిన లెక్క. ప్రయోగశాలలో సగం అలారాలు నిజమయ్యేలా పెట్టి ఆపరేటర్లు బాగా స్పందిస్తున్నారని రాస్తే, ఆ గదికి సంబంధించి మీరు చెప్పినదేమీ ఉండదు. ఫలితాలను పట్టుకున్నవి, వదిలేసినవి, వృథాగా స్పందించినవి, సరిగా ఊరుకున్నవి అని నాలుగుగా విడదీసి, గుర్తించే సామర్థ్యాన్నీ స్పందించే మొగ్గునూ వేరుచేసి లెక్కకట్టండి.

ఇక సమ్మతి. భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) 2017 మార్గదర్శకాలను, ముఖాల వీడియోల విషయంలో 2023 వ్యక్తిగత డేటా రక్షణ చట్టాన్ని మీ ఎథిక్స్ కమిటీ ఎలాగూ అడుగుతుంది. వాటిలో రాసి ఉన్నా అమలులో జారిపోయేది ఒకటుంది: పైఅధికారి గదిలో నిలబడి ‘వీళ్ళకు సహకరించండి’ అన్న తరువాత కానిస్టేబులు ఇచ్చే సంతకం సమ్మతి కాదు. అధికారి లేని చోట అడగండి, కాదన్నవారి పేర్లు ఎవరికీ తెలియకుండా చూడండి, ఒక్కొక్కరి స్కోర్లు పైవారికి ఇవ్వబోమని ముందే రాతపూర్వకంగా ఒప్పించుకోండి. అధికారులు దానికి ఒప్పుకోకపోతే ఆ గదిలో ప్రయోగం చేయవద్దు. వచ్చే డేటా భయంతో నిండి ఉంటుంది. ఇక, పైన చెప్పిన మూడవ జాము దొరికేది రాత్రి షిఫ్టులోనే కాబట్టి దానిని వదలకండి.

అంకెలు వచ్చాక

స్పందన సమయాలు ఎప్పుడూ ఒక వైపుకు సాగి ఉంటాయి. ఎక్కువమంది మూడు సెకన్ల దగ్గర గుమిగూడితే కొద్దిమంది ఎనిమిది, తొమ్మిది సెకన్ల దాకా పోతారు. సగటు ఆ కొద్దిమందిని మింగేస్తుంది, కాని ప్రమాదాలు జరిగేది వారికే. మధ్యస్థంతో (వరుసలో సరిగ్గా నడుమ ఉన్న విలువతో) పాటు 95వ శతాంశాన్ని (నూటికి 95 మంది ఏ సమయంలోపు స్పందించారో దానిని) తప్పక ఇవ్వండి, వీలైతే ప్రతి ఒక్కరి సమయాన్నీ చుక్కగా చూపించే పటం వేయండి. అసలు స్పందించనే స్పందించక లారీని ఢీకొన్నవారికి స్పందన సమయం ఉండదు కాబట్టి, మామూలు సాఫ్ట్‌వేరు వారిని నిశ్శబ్దంగా పట్టికలోంచి తొలగిస్తుంది. ఫలితంగా అందరికంటే ఘోరంగా విఫలమైనవారు లేని గుంపు సగటు చక్కగా కనిపిస్తుంది. వైద్య పరిశోధనల్లో బతికిన కాలాన్ని లెక్కకట్టడానికి వాడే సర్వైవల్ విశ్లేషణ ఈ చిక్కును తీరుస్తుంది; ‘ఢీకొనే సమయానికి ఇంకా స్పందించలేదు’ అన్నదానిని కూడా అది సమాచారంగానే తీసుకుంటుంది. అది చేతకాకపోతే, ఏ హెచ్చరిక రకంలో ఎంతమంది స్పందించలేదో మొదటి పట్టికలో మొదటి వరుసలోనే రాసి, సగటులు ఆ తరువాత ఇవ్వండి.